టెక్ సందేహాలు: వెనక బంపర్ విప్పాలా? ముందు వైర్ల సంగతి చూడండి

ఈసారి వచ్చిన ప్రశ్నల్లో కొన్ని కారు వెనక బంపర్ దగ్గరికే చేరాయి. ఫోన్లూ ల్యాప్‌టాప్‌ల గురించి రాసుకునేవాడికి బంపర్‌తో ఏం పనిలే అని మొదట పక్కన పెట్టేశాను. మళ్లీ చదివితే అర్థమైంది, అడుగుతున్నదంతా సెన్సర్లు, స్కానర్లు, రాడార్ గురించే. సరే, అయితే ఇది నా పనే.

ప్రశ్న: రివర్స్ చేస్తూ స్తంభానికి తగిలించాను. బంపర్ ఒక పక్క సొట్ట పడింది, మూల కొంచెం ఊడి బయటికి వచ్చింది. నాలుగు పార్కింగ్ సెన్సర్లలో ఒకటి పనిచేయడం లేదు. బంపర్ నేనే ఇంట్లో విప్పి చూడొచ్చా?

జవాబు: విప్పొచ్చు. స్క్రూలూ బోల్టులూ విప్పడం అలవాటున్నవాళ్లకి, పక్కన ఇంకో మనిషి ఉంటే, ఒక పూట పని. కానీ అసలు విప్పే అవసరం ఉందో లేదో ముందు తేల్చుకోండి.

కారు చదునైన చోట ఆపి, హ్యాండ్ బ్రేక్ వేసి, చక్రాలకు అడ్డు పెట్టండి. ఇంజిన్ స్టార్ట్ చేయకుండా ఇగ్నిషన్ మాత్రం ఆన్ చేసి రివర్స్ గేర్ వేయండి. లోపల ఒకరు బ్రేక్ తొక్కి కూర్చోవాలి. మీరు వెనక్కి వచ్చి ఒక్కో సెన్సర్ దగ్గర చెవి పెట్టండి. బతికున్న సెన్సర్ చేతి గడియారంలా సన్నగా టిక్ టిక్ మంటుంది. అది పంపే అల్ట్రాసౌండ్ 40 కిలోహెర్ట్జ్, ఆపైన ఉంటుంది, మన చెవి 20 దగ్గరే ఆగిపోతుంది. మనకు వినపడేది ఆ శబ్దం ఆగి ఆగి వెలువడుతున్నప్పుడు లోపలి బిళ్ల అదిరే చప్పుడు. చుట్టూ గోలగా ఉంటే వేలి కొస ఆనించినా ఆ అదురు తెలుస్తుంది. మూడు టిక్కుమని నాలుగోది మౌనంగా ఉంటే తప్పు ఆ సెన్సర్‌లోనో దాని వైరులోనో ఉంది, బంపర్ విప్పాల్సిందే. నాలుగూ టిక్కుమంటుంటే మాత్రం ముందు తడిగుడ్డతో తుడవండి. బురద పొర పట్టి సెన్సర్ 'పోయింది' అనిపించుకున్న సందర్భాలు చాలా ఉన్నాయి.

సొట్ట కూడా విప్పకుండానే పోవచ్చు. బంపర్ తొడుగు ఎక్కువగా పాలీప్రొపిలీన్ రకం ప్లాస్టిక్. వేడి తగిలితే మెత్తబడి పాత ఆకారానికి రావాలని చూస్తుంది. హెయిర్ డ్రయ్యర్ దూరంగా పట్టి అటూ ఇటూ తిప్పుతూ వేడి చేసి, కింది నుంచి చెయ్యి పెట్టి నెట్టితే టప్‌మని బయటికి వస్తుంది. మడత పడి గీత దిగిన సొట్టకు ఇది పనికిరాదు. పెయింట్ పగిలిన చోట వేడి చేస్తే పొర లేచిపోతుంది, అక్కడ ఈ ప్రయోగం వద్దు.

ఇక విప్పడం. మనం బంపర్ అనేది నిజానికి పైతొడుగు మాత్రమే. దాని వెనక సాధారణంగా ఫోమ్ దిమ్మ, దాని వెనక ఉక్కు లేదా అల్యూమినియం దూలం. దెబ్బ కాచేది ఆ దూలం. బంపర్ల మీద ఐక్యరాజ్యసమితి 42వ నంబరు నిబంధన చేసే పరీక్షలో నేరుగా తాకే వేగం గంటకు 4 కిలోమీటర్లు, మూలకైతే 2.5. మనిషి మామూలు నడక కన్నా తక్కువ అన్నమాట. మీ స్తంభం అంతకన్నా గట్టిగా తగిలి ఉంటే తొడుగు తీశాక దూలాన్ని కూడా చూడండి. అది వంగినా, డిక్కీ తలుపు సందు ఒక పక్క ఎక్కువ, ఒక పక్క తక్కువ కనిపించినా ఇంట్లో తేలే పని కాదు.

పనిముట్లు పెద్దగా అక్కర్లేదు. 10 నంబర్ సాకెట్, రాట్చెట్, స్టార్ బిట్లు (టీ20, టీ25, టీ30 ఉంటే చాలావరకు సరిపోతుంది), మామూలు స్క్రూడ్రైవర్లు, క్లిప్పులు లేపడానికి ప్లాస్టిక్ పట్టీ, మాస్కింగ్ టేప్, పాత దుప్పటి. అన్నిటికన్నా ముఖ్యమైన పనిముట్టు మీ జేబులోనే ఉంది: ఫోన్. విప్పే ముందు ప్రతి మూలా ఫోటో తీసుకోండి. తల దూరని సందులోకి ఫోన్ టార్చ్ వేసి వీడియో ఆన్ చేసి దూర్చండి, ఎన్నో దాక్కున్న స్క్రూలు బయటపడతాయి.

నెట్‌లో వెతికేటప్పుడు కారు మోడల్ పేరొక్కటే వేయకండి, తయారైన సంవత్సరం కూడా వేయండి. ఫేస్‌లిఫ్ట్ (అదే మోడల్‌కి రూపు మార్చడం) వస్తే ఎక్కువగా మారేవాటిలో బంపర్ ఒకటి. పాత వీడియో చూసి కొత్త బంపర్ లాగితే విరిగేది మీదే. వీడియో కన్నా నాకు విడిభాగాల బొమ్మ నచ్చుతుంది. అందులో ప్రతి స్క్రూకూ ఒక నంబరు, ఎన్ని ఉన్నాయో లెక్కా ఉంటాయి. బొమ్మలో పద్నాలుగు ఉండి మీ గిన్నెలో పదమూడే ఉంటే ఆ ఒక్కటీ దొరికేదాకా బంపర్ మీద చెయ్యి వేయకండి.

పని మొదలుపెట్టేటప్పుడు సైలెన్సర్ గొట్టం చల్లారిందో లేదో చూసుకోండి. ఇగ్నిషన్ ఆపి, తాళం దూరంగా పెట్టి, కొద్ది నిమిషాలు ఆగి బ్యాటరీ నెగటివ్ టెర్మినల్ తీయండి. తర్వాత గడియారం సరిచేసుకోవాలి, కొన్ని కార్లలో ఆటోమేటిక్ అద్దాలకు ఎక్కడ ఆగాలో మళ్లీ నేర్పించాలి. డిక్కీకి ఎలక్ట్రిక్ తాళమే ఉంటే బ్యాటరీ తీసేలోపే డిక్కీ తెరిచి ఉంచండి. హైబ్రిడ్, ఎలక్ట్రిక్ కార్లలో నారింజ రంగు కేబుల్ ఎక్కడ కనిపించినా దాని జోలికి వెళ్లొద్దు. ఉత్త జాక్ మీద నిలబెట్టిన కారు కిందికి దూరొద్దు, స్టాండ్లు ఉంటేనే. ఈ పనికి చాలావరకు కారు లేపే అవసరమే రాదు.

స్క్రూలు దాక్కునే చోట్లు కారు కారుకీ కాస్త మారినా పద్ధతి ఒకటే. డిక్కీ తెరిస్తే అంచు వెంబడి కొన్ని. కింద, సైలెన్సర్‌కి అటూ ఇటూ కొన్ని ప్లాస్టిక్ క్లిప్పులు. చాలా కార్లలో టెయిల్ ల్యాంప్ ఊడదీస్తేనే కనిపించే బోల్టులు రెండు. ఇక అందరినీ ఏడిపించేది వీల్ ఆర్చ్‌లో ఉంటుంది. వెనక చక్రం పైన నల్లటి లైనింగ్ ఉంటుంది కదా, దాని అంచున ఒకటి రెండు స్క్రూలు తీసి లైనింగ్‌ని కొంచెం మీవైపు వంచండి. బంపర్ కొస బాడీని కలిసే చోట, పైకి చూస్తూ నిటారుగా ఒక స్క్రూ ఉంటుంది. మట్టి పట్టి గుండ్రటి బొడిపెలా కనిపిస్తుంది, స్క్రూ అని తట్టదు. 'అన్నీ తీశాను, అయినా రావట్లేదు' అని రాసేవాళ్లలో చాలామంది వదిలేసింది దీన్నే.

ప్లాస్టిక్ క్లిప్పుల్లో రెండు రకాలు. నడిమి పిన్నును పైకి లేపి తీసేవి కొన్ని, లోపలికి ఒక్క నొక్కు నొక్కితే వదులయ్యేవి కొన్ని. పిన్ను చుట్టూ గోరు దూరే గాడి ఉంటే లేపేది. గాడి లేకుండా నున్నగా ఉంటే నొక్కేది. నొక్కేదాన్ని మరీ లోతుకు తోస్తే పిన్ను అటు పడిపోతుంది. చలిలో ఈ ప్లాస్టిక్ పెళుసుగా ఉంటుంది, పొద్దున్నే చల్లగా ఉన్నప్పుడు కాకుండా ఎండ తగిలాక చేయండి.

అన్నీ విప్పాక బంపర్‌కి ఆనుకున్న బాడీ అంచుకు మాస్కింగ్ టేప్ వేయండి. ఇప్పుడు చక్రం వైపు కొసను పట్టుకుని మీవైపు, అంటే కారు పక్కకి, లాగండి. వెనక్కి కాదు. బంపర్ కొసను బాడీకి పట్టి ఉంచే పక్క పట్టాలో ఒక్కో పన్నూ టక్ టక్‌మని వదులుతుంది. ఆ చప్పుడుకు మొదటిసారి గుండె ఆగినంత పనవుతుంది, విరిగిందేమోనని టెన్షన్. విరగలేదు, అది అలాగే ఊడుతుంది. రెండు పక్కలా వదిలాక ఇద్దరూ చెరో కొసా పట్టుకుని జానెడు వెనక్కి తెచ్చి, ఆగండి.

ఆ ఆగడం నేను నేర్చుకోవడానికి ఒక సెన్సర్ వైరు ఖర్చయింది. మొదటిసారి విప్పినప్పుడు, ఊడొచ్చిందన్న ఉత్సాహంలో రెండడుగులు వెనక్కి వేశాను. సెన్సర్లన్నిటి వైర్లూ ఒకే జడగా అల్లి ఒక కనెక్టర్‌తో బాడీకి కలిపి ఉంటాయని నాకు తెలుసు. తెలిసీ మరిచిపోయాను. కనెక్టర్ గట్టిది, ఊడలేదు. దాని వెనక వైరే తెగింది. ఆ సాయంత్రం సోల్డరింగ్ ఐరన్ పట్టుకుని కారు వెనక పడుకున్నాను.

అందుకని జానెడు సందులోంచి ముందు ఆ కనెక్టర్ వెతకండి. దానికి ఒక నాలుక ఉంటుంది, దాన్ని బొటనవేలితో నొక్కి పట్టి, కనెక్టర్ ఒంటిని పట్టుకుని లాగాలి, వైరు పట్టుకుని ఎప్పుడూ కాదు. నాలుక కదలకపోతే కనెక్టర్‌ని ముందు కొంచెం లోపలికి నెట్టి, అప్పుడు నాలుక నొక్కండి. మధ్యలో ఎరుపో పసుపో రంగు ముక్క ఉంటే అది రెండో తాళం, ముందు దాన్ని జరపాలి. ఫాగ్ ల్యాంప్, నంబర్ ప్లేట్ లైటు, కెమెరా బంపర్‌లోనే ఉంటే వాటికీ విడి కనెక్టర్లు ఉంటాయి.

బంపర్ దుప్పటి మీద పడుకున్నాక పనిచేయని సెన్సర్‌ని వెంటనే కొత్తది కొనకండి. అద్దంలో చూసినట్టు అవతలి పక్క అదే స్థానంలో ఉన్న సెన్సర్‌తో మార్చి పెట్టి, కనెక్టర్ తగిలించి, బ్యాటరీ కలిపి చెవి పరీక్ష మళ్లీ చేయండి. మౌనం సెన్సర్‌తో పాటు అవతలికి వెళ్తే సెన్సర్ పోయినట్టు. మౌనం ఉన్నచోటే ఉంటే వైరు చూడండి, ఎక్కడో నలిగి ఉంటుంది లేదా పిన్ను పచ్చబారి ఉంటుంది. బిగించే ముందు బంపర్ కారుకి ఆనించి, కనెక్టర్లన్నీ కలిపి, లైట్లూ సెన్సర్లూ ఒకసారి చూసుకుని అప్పుడు స్క్రూలు వేయండి. అన్నీ బిగించాక ఒకటి పనిచేయకపోతే వచ్చే నీరసం మామూలుగా ఉండదు.

ప్రశ్న: బంపర్ విప్పి మళ్లీ బిగించాను. ఇప్పుడు వెనక ఏమీ లేకపోయినా రివర్స్ వేయగానే బీప్ ఆగదు.

జవాబు: బహుశా సెన్సర్ ఒకటి నేలను చూస్తోంది. చాలా సెన్సర్ల వెనక పైభాగం ఏదో చెప్పే బాణం గుర్తో అక్షరాలో ఉంటాయి, తలకిందులుగా పెడితే నేలనే అడ్డంకి అనుకుంటుంది. సెన్సర్ చుట్టూ రబ్బరు ఉంగరం కూడా చూడండి. అది జారితే బిళ్ల అదురు నేరుగా బంపర్‌కి చేరి, తన చప్పుడే తనకు తిరిగి వినపడుతుంది. ఈ లెక్కంతా మిల్లీసెకన్లలో జరిగేది. మీటరు దూరంలోని గోడకు తగిలి శబ్దం తిరిగి రావడానికి పట్టేది 6 మిల్లీసెకన్లు, అంతే. కొత్త నంబర్ ప్లేట్ ఫ్రేమ్ ఏదైనా సెన్సర్‌కి అడ్డంగా పొడుచుకొచ్చిందేమో కూడా చూడండి.

ప్రశ్న: ఫోన్‌కి బ్లూటూత్‌తో కలిసే చిన్న ఓబీడీ స్కానర్ (కారులోని తప్పుల కోడ్లు చదివే పరికరం) పెట్టి చూశాను. తప్పేమీ లేదంటోంది. మరి సెన్సర్ ఎందుకు పనిచేయదు?

జవాబు: ఆ స్కానర్ అడిగింది ఇంజిన్‌ని. సెన్సర్ సంగతి ఇంజిన్‌కి తెలియదు. చవక స్కానర్లు, వాటి ఉచిత యాప్‌లు ఎక్కువగా పీ అక్షరంతో మొదలయ్యే ఇంజిన్ కోడ్లనే చదువుతాయి. పార్కింగ్ సెన్సర్ల తప్పులు బీ, సీ, యూ కోడ్లుగా వేరే మాడ్యూల్‌లో, అంటే ఆ పని చూసే మరో చిన్న కంప్యూటర్‌లో ఉంటాయి, వాటిని చదవాలంటే మీ కారు కంపెనీ మాడ్యూళ్లను గుర్తుపట్టే యాప్ గానీ స్కానర్ గానీ కావాలి. అందాకా చెవే మంచి స్కానర్.

ప్రశ్న: బంపర్ మూల గీతలు పడితే పుట్టీ పెట్టి పెయింట్ వేయించాను. అప్పటి నుంచి బ్లైండ్ స్పాట్ హెచ్చరిక (అద్దాల్లో కనపడని చోట బండి ఉంటే చెప్పేది) ఒక పక్క రావడం లేదు. సంబంధం ఉందా?

జవాబు: ఉండే అవకాశమే ఎక్కువ. ఆ హెచ్చరిక ఇచ్చే రాడార్ బంపర్ మూల వెనకే, కనపడకుండా, ప్లాస్టిక్‌లోంచి చూస్తూ ఉంటుంది. 24 లేదా 77 గిగాహెర్ట్జ్ తరంగాలకు పల్చటి ప్లాస్టిక్, పల్చటి పెయింట్ అడ్డు కావు. మందంగా పుట్టీ, దాని మీద లోహపు మెరుపున్న పెయింట్ నాలుగైదు పొరలు వేస్తే అవుతాయి. రాడార్ ముందు భాగంలో స్టిక్కరు కూడా వద్దు. చాలా కార్ల మాన్యువల్‌లో ఆ చోటు గుర్తు పెట్టి ఉంటుంది, చూడండి. బంపర్ విప్పినప్పుడు రాడార్ బ్రాకెట్ కొంచెం వంగినా ఇదే తంతు. దాన్ని కంటి లెక్కతో సరిచేయడం కుదరదు, కాలిబ్రేషన్ (రాడార్ చూపును కొలిచి సరిచేయడం) చేసే పరికరం ఉన్న చోటికి తీసుకెళ్లాల్సిందే. ఇంటి దగ్గర విప్పమని ఇంత చెప్పిన నేనే, మూలల్లో రాడార్ ఉన్న బంపర్ అయితే దాని బోల్టులు మాత్రం ముట్టుకోవద్దనే అంటాను.

ప్రశ్న: విప్పేటప్పుడు మూడు క్లిప్పులు విరిగాయి. కేబుల్ టైతో కట్టేస్తే చాలదా?

జవాబు: కింద, కనపడని చోట, కొత్త క్లిప్పులు వచ్చేదాకా సరే. పక్క పట్టాల దగ్గర వద్దు, సందు పెరిగి బంపర్ గాలికి అదురుతుంది. క్లిప్పు కొనేటప్పుడు దాని తల కాదు, కాలి మందం, రంధ్రం వెడల్పు కొలవండి. తల ఒకేలా ఉండి కాలు ఒక మిల్లీమీటరు తేడా ఉన్న క్లిప్పు బిగుసుకున్నట్టే ఉండి, స్పీడ్ బ్రేకర్ దగ్గర రాలిపోతుంది.