బూచాడి భుజాన బస్తా ఎందుకమ్మాయ్?

విజయవాడ

అమ్మాయీ,

నీ యానిమేషన్ కథ రెండుసార్లు చదివాను. పల్లెటూరి సంభాషణ బాగా పట్టుకున్నావు. కానీ నీ రాక్షసుడు ఎర్ర కళ్లు, కోరలు, భుజాన బస్తాతో దిగుతున్నాడు. అలాంటివాడి వెంట ఏ పిల్ల వెళుతుంది చెప్పు? పైగా చిత్తుకాగితాలు ఏరుకుని బతికే మనిషిని చూసి పిల్లలు జడుసుకుంటారు. ఆ పాపం మనకెందుకు?

హితోపదేశంలో ముసలిపులి, బంగారు కడియం కథ గుర్తుందిగా. చేతిలో దర్భలు, నోట్లో ధర్మపన్నాలు, కడియం ఆశ చూపి బాటసారిని బురదలో దింపి మింగేస్తుంది. గుంటూరులో ఒక బడిలో ఆ కథ చెబుతుంటే రెండో తరగతి పాప లేచి, "పులైతే తెలిసిపోద్దిగా తాతా, మనిషైతే ఎట్టా?" అంది. అప్పటికప్పుడు జవాబు చెప్పలేకపోయాను. బస్సులో బెజవాడ వచ్చేదాకా అదే ఆలోచన.

తెలిసేది మొహంలో కాదమ్మా, మాటలో. "మీ నాన్నే పంపాడు, రా." "అమ్మకి చెప్పకు." ఈ మాటలు పక్కింటి మామయ్య అన్నా ప్రమాదమే. పిల్లలపై లైంగిక నేరాలకు పెట్టే పోక్సో కేసుల్లో పదింట తొమ్మిదికి పైగా నిందితులు తెలిసినవాళ్లేనని జాతీయ నేర గణాంకాలు చెబుతున్నాయి. కొత్తవాళ్లని నమ్మొద్దని మాత్రమే చెబితే కథ సగంలో ఆగినట్టే.

పులి కథే తీస్తే కడియం మెరుపు మీద కాదు, బురదలో దిగబడిన బాటసారి పాదం మీద షాట్ ఆపు. "అయ్యో, కూరుకుపోయావా, ఉండు, లేవదీస్తా" అంటూ పులి ఒక్కో అడుగూ వేసుకుంటూ వస్తుంది. అక్కడ సంగీతం వద్దు. ఆ గొంతు ఎంత మెత్తగా ఉంటే అంత మంచిది.

ఇంకొకటి. పండగ రద్దీలో మన నెహ్రూ బస్టాండులో చెయ్యి వదిలిన పిల్లాడికి చుట్టూ అందరూ కొత్తవాళ్లే. ఎవరో ఒకర్ని నమ్మక తప్పదు. యూనిఫాంలో ఉన్న కండక్టరు, ఎంక్వైరీ కౌంటర్లో మనిషి, పిల్లల్ని వెంటబెట్టుకున్న తల్లి... వీళ్లనీ అంతే శ్రద్ధగా చూపించు.

చివర్లో పాప "తప్పంతా నాదే" అని ఏడుస్తుంది చూడు, ఆ డైలాగు తీసెయ్. మోసపోయిన పిల్లలు నోరు విప్పలేకపోయేది ఆ భయంతోనే. దాని బదులు అమ్మ ఒళ్లో కూర్చుని జరిగిందంతా చెప్పనివ్వు. అమ్మ మధ్యలో ఒక్క ప్రశ్న కూడా వెయ్యకూడదు.

టైటిల్స్‌లో చైల్డ్‌లైన్ నంబరు 1098 పెద్ద అంకెల్లో వెయ్యి, పిల్లలు కూడబలుక్కుని చదివేంతసేపు ఉంచు.

మార్చాక తీసుకురా. నువ్వు చదువు, నా మనవరాలు పక్కనే కూర్చుని వింటుంది.

ఆశీస్సులతో,
మీ మాస్టారు