సైరన్ మోగితే మా ఆయన ఫోన్ ఎత్తరు

ప్రశ్న: మాది జగిత్యాల జిల్లా. మా ఆయన ఇజ్రాయెల్‌లో, టెల్ అవీవ్ దగ్గర ఒక ముసలాయనను చూసుకునే పనిలో ఉన్నారు. 2025 జూన్‌లో ఇరాన్ క్షిపణులు పడ్డ ఆ 12 రోజులూ మాకు నిద్ర లేదు. ఇప్పటికీ టీవీలో ఇజ్రాయెల్ పేరు వినపడితే చాలు ఫోన్ చేస్తాను, ఆయన ఎత్తకపోతే కాళ్లూ చేతులూ ఆడవు. వచ్చేయమందామంటే పోయేటప్పుడు చేసిన అప్పు ఇంకా తీరలేదు. ఏం చేయమంటారు?
– ఒక సోదరి

జవాబు: చెల్లెమ్మా, ముందు ఆ ఫోన్ సంగతి. టెల్ అవీవ్ వైపు సైరన్ మోగితే బాంబులకు తట్టుకునే గదిలోకో షెల్టర్‌లోకో పోవడానికి ఉండేది 90 సెకన్లు. ఇరాన్ నుంచి క్షిపణి రావడానికి పది పన్నెండు నిమిషాలు పడుతుంది కాబట్టి ఆ జూన్‌లో ఫోన్లకు ముందే ఒక హెచ్చరిక వచ్చేది, దగ్గరి నుంచి వచ్చే రాకెట్లకు అంత వ్యవధి ఉండదు. మీ ఆయన ఒక్కరే అయితే ఉరికిపోతారు, కానీ ముసలాయనను మంచం మీది నుంచి లేపి, కుర్చీలో కూర్చోబెట్టి, లోపలికి తీసుకుపోయి ఇనుప తలుపు వేయాలి. ఆ కాంక్రీటు గోడల మధ్య సిగ్నల్ కూడా సరిగా అందదు. అందుకని మీరు ఫోన్ చేయకండి, బయటికి రాగానే వాట్సాప్‌లో ‘మంచిగున్న’ అని ఒక్క మాట పెట్టమనండి. మీరు తెల్లవారుజామున నాలుగున్నరకు చేస్తే ఎండాకాలంలో అక్కడ రాత్రి రెండవుతుంది, సైరన్ లేని రోజన్నా ఆయన్ని పడుకోనివ్వాలి కదా.

తీరిగ్గా ఉన్నప్పుడు ఒకటి అడగండి, ఆ ఇంట్లో మమాద్ ఉందా అని. అంటే బాంబులకు తట్టుకునేలా కట్టిన గది. 1991 గల్ఫ్ యుద్ధం తర్వాత కొత్తగా కట్టే ఇళ్లకు అది తప్పనిసరి చేశారు. పాత బిల్డింగుల్లో చాలావాటికి ఉండదు, కిందికో వీధిలోని షెల్టర్‌కో పోవాలి, నడవలేని మనిషితో మెట్లు దిగడం 90 సెకన్లలో అయ్యేది కాదు. అలాంటప్పుడు కిటికీలు లేని లోపలి గదిలో ఉండమని అక్కడ జనం రక్షణ చూసే సైనిక విభాగం, హోం ఫ్రంట్ కమాండ్ చెబుతుంది. వంటగది, బాత్రూం మాత్రం వద్దు, అద్దాలూ టైల్సూ పగిలి మీద పడతాయి. గొడవలున్న రోజుల్లో ముసలాయన మంచం ఆ లోపలి గదిలోనే వేయమని ఇంటివాళ్లను అడగడానికి మీ ఆయన మొహమాటపడొద్దు, అందులో వాళ్ల నాన్న ప్రాణం కూడా ఉంది.

పాస్‌పోర్టు, వీసా ఫొటోలు మీ ఫోన్‌లో పెట్టుకోండి. టెల్ అవీవ్‌లోని మన ఎంబసీలో పేరు నమోదు చేసుకున్నారో లేదో కనుక్కోండి. ఆ జూన్‌లో ‘ఆపరేషన్ సింధు’ కింద జోర్డాన్, ఈజిప్టు మీదుగా మనవాళ్లను తెచ్చినప్పుడు ఆ నమోదే అక్కరకొచ్చింది.

ఇక వచ్చేయమనాలా వద్దా అన్నది సైరన్ మోగిన రాత్రి తేల్చే విషయం కాదు. అప్పు ఎంత, వడ్డీ ఎంత, ఎన్ని నెలల జీతంతో తీరుతుందో ఇద్దరూ కాగితం మీద రాసుకోండి. కానీ ఆయనే ‘ఇక నా వల్ల కాదు’ అంటే మాత్రం అప్పు మాట ఎత్తకండి, టికెట్ సంగతి చూడండి.