21 మ్యాచ్‌ల మనిషి గురించి రాసేటప్పుడు

ప్రియమైన తమ్ముడికి,

డీ మిల్లినర్ మీద నువ్వు రాసి పంపిన వ్యాసం చదివాను. తెలుగులో క్రికెట్ దాటి వేరే ఆటల గురించి రాసేవాళ్లే తక్కువ. అందులోనూ అమెరికన్ ఫుట్‌బాల్, అందులోనూ కార్నర్‌బ్యాక్ (బంతి అందుకోవడానికి పరిగెత్తే ప్రత్యర్థిని కాసేవాడు), పైగా మూడు సీజన్లకే ఆట ముగిసిపోయిన కార్నర్‌బ్యాక్. అతన్ని ఎంచుకున్నందుకే నాకు సంతోషం కలిగింది. అందుకే మొహమాటం లేకుండా రాస్తున్నాను.

మొదటి పేరాలోనే అతన్ని ‘ఫ్లాప్’ అనేశావు. తీర్పు ముందే వచ్చేస్తే ఇక పాఠకుడు సాక్ష్యాల కోసమే చదువుతాడు, మనిషి కోసం చదవడు. 2013 డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు వంతులవారీగా కొత్త ఆటగాళ్లని ఎంచుకునే చోట, న్యూయార్క్ జెట్స్ జట్టు అతన్ని 9వ స్థానంలో ఎంచుకుంది. ఆడినవి 21 మ్యాచ్‌లు, పట్టినవి 3 ఇంటర్‌సెప్షన్లు (అవతలి జట్టు విసిరిన బంతిని మధ్యలోనే పట్టేయడం). ఈ లెక్క ఎవరైనా చూసుకోగలరు. ఆ 21 మ్యాచ్‌ల్లో అతని మీద ఏ బరువు పడిందో చెప్పేవాడు కావాలి. నువ్వు చెప్పాల్సింది అదే.

ముందు ఆ పొజిషన్ ఎంత కష్టమో మనవాళ్లకి అర్థమయ్యేలా చెప్పు. ఎదుటి జట్టులో బంతి అందుకునే రిసీవర్‌కి తాను ఎటు పరిగెత్తబోతున్నాడో తెలుసు. కార్నర్‌బ్యాక్‌కి తెలియదు. అతను వెనక్కి పరిగెడుతూ, రిసీవర్ నడుము కదలికను బట్టి అంచనా వేసి, సరైన క్షణంలో ఒంటిని తిప్పి అదే వేగంతో పక్కనే పరిగెత్తాలి. అయిదు గజాలు దాటాక రిసీవర్‌ని పట్టుకుని ఆపకూడదు. బంతి గాల్లో ఉండగా అడ్డుపడితే తప్పు జరిగిన చోటి నుంచే అవతలి జట్టు ఆట మొదలుపెడుతుంది. ఒక్క అడుగు తేడా వస్తే స్టేడియం మొత్తం అతన్నే చూస్తుంది. పైగా కొత్త కుర్రాడు కనిపిస్తే చాలు, బంతి విసిరే ప్రతి క్వార్టర్‌బ్యాక్ అటే విసురుతాడు. దీనికి నువ్వు ఒక్క వాక్యం ఇచ్చావు. కనీసం రెండు పేరాలు ఇవ్వు.

ఇక అసలు కథ. నీ వ్యాసంలో డారెల్ రెవిస్ పేరు ఒకే ఒక్కసారి, అదీ జాబితాలో వచ్చింది! రెవిస్ లేకుండా మిల్లినర్ కథ లేదు, తమ్ముడూ. మిల్లినర్‌కి ముందు జెట్స్‌లో కార్నర్‌బ్యాక్‌గా ఆడిన రెవిస్ ఎలాంటి వాడంటే, అతను కాసే వైపుని ‘రెవిస్ ఐలాండ్’ అనేవాళ్లు. అటు వెళ్లిన రిసీవర్‌కి బంతి అందదని అర్థం. 2012లో అతని మోకాలు దెబ్బతింది. 2013 ఏప్రిల్ 21న జెట్స్ అతన్ని టాంపా బే జట్టుకి ఇచ్చేసింది. సరిగ్గా నాలుగు రోజులకి, ఏప్రిల్ 25న, మిల్లినర్‌ని తీసుకుంది. అలబామా యూనివర్సిటీలో జాతీయ టైటిళ్లు గెలిచి, ఆల్ అమెరికన్ (దేశంలోని ఉత్తమ కాలేజీ ఆటగాళ్లకి ఇచ్చే గుర్తింపు) అనిపించుకుని వచ్చిన 21 ఏళ్ల కుర్రాడు అతను. కోచ్ రెక్స్ రయన్ పద్ధతి కూడా చెప్పాలి. క్వార్టర్‌బ్యాక్ మీదికి ఎక్కువమందిని పంపి, కార్నర్‌బ్యాక్‌లని చాలాసార్లు ఒంటరిగా వదిలేసే పద్ధతి అది. రెవిస్ ఉన్నప్పుడు అది చెల్లింది. ఇప్పుడు ఆ ఒంటరితనం కుర్రాడి మీద పడింది.

మొదటి మ్యాచ్ ఎవరితోనో చూశావా? టాంపా బేతోనే! రెవిస్ ప్రత్యర్థి జెర్సీలో అదే మైదానానికి వచ్చాడు. జెట్స్ 18-17తో గెలిచింది. ఇంత మంచి సన్నివేశం చరిత్రే నీ చేతిలో పెడితే వదిలేశావు. నాలుగు రోజులకే న్యూ ఇంగ్లండ్ జట్టుతో వాళ్ల మైదానంలో మ్యాచ్. అక్కడ తడబడ్డాడు, కోచ్ బెంచ్ మీద కూర్చోబెట్టాడు. ఆ సీజన్‌లో అలా కూర్చోవడం అదొక్కసారితో ఆగలేదు.

తర్వాత డిసెంబర్ వచ్చింది. మూడు ఇంటర్‌సెప్షన్లూ ఆ నెలలోనివే. చివరి మ్యాచ్‌లో, డిసెంబర్ 29న మయామీలో, రెండు పట్టాడు. జెట్స్ 20-7తో గెలిచింది, మయామీ జట్టుకి ప్లేఆఫ్ (సీజన్ చివర టైటిల్ కోసం జరిగే నాకౌట్ పోటీలు) దారి మూసుకుపోయింది. రెక్స్ రయన్ ఉద్యోగం పోతుందనుకున్న రోజు అది. మ్యాచ్ అయ్యాక డ్రెస్సింగ్ రూమ్‌లో, కోచ్‌గా అతనే కొనసాగుతాడని యజమాని చెప్పాడు. ఇదంతా నీ వ్యాసంలో సగం వాక్యం! సెప్టెంబర్‌లో బెంచ్ మీదున్న కుర్రాడు డిసెంబర్ నాటికి ఏం నేర్చుకున్నాడు? కాళ్లలో తేడా వచ్చిందా, కళ్లలో వచ్చిందా? న్యూ ఇంగ్లండ్, మయామీ మ్యాచ్‌లు రెండూ పక్కపక్కన పెట్టుకుని చూడు. నీ వ్యాసానికి గుండెకాయ అక్కడుంది.

2014 వేసవిలో, లీగ్‌లో అత్యుత్తమ కార్నర్‌బ్యాక్ తానేనని అతను అన్న మాటని నువ్వు వెటకారం చేశావు. అది తీసెయ్. విలేకరులు అడిగారు, 22 ఏళ్ల వాడు చెప్పాడు. ఆ నమ్మకం లేకుండా అక్కడ నిలబడటం ఎవరివల్లా కాదు. ఒక బంతి పోయాక ముప్పై, నలభై సెకన్లలో మళ్లీ అదే రిసీవర్ ఎదురుగా నిలబడాలి కదా.

గాయాల భాగం మాత్రం మరీ సాగదీశావు. చీలమండ, ఆ అక్టోబర్‌లో తెగిన అకిలిస్ టెండన్ (మడమ వెనకుండే స్నాయువు), మరుసటి ఏడాది మణికట్టు సర్జరీ. నాలుగు వాక్యాలు చాలు. జాలి కోసం విశేషణాలు పేర్చకు. వెనక్కి పరిగెత్తి ఒక్కసారిగా తిరిగే మనిషికి మడమ వెనక బలం పోతే ఏమవుతుందో, నువ్వు పైన పొజిషన్ గురించి సరిగ్గా రాసుంటే, పాఠకుడికి దానంతట అదే తెలుస్తుంది. ఆ జాగా 2015 మార్చికి ఇవ్వు. ఆ నెలలో జెట్స్ ఎవర్ని తిరిగి తెచ్చుకుందో తెలుసుగా? రెవిస్‌నే. ఎవరి ఖాళీలోకి ఈ కుర్రాడు వచ్చాడో ఆయనే వచ్చి మళ్లీ ఆ చోట నిలబడ్డాడు. కోచ్ కూడా అప్పటికే మారిపోయాడు. 2016 సీజన్ మొదలయ్యే నాటికి మిల్లినర్ జట్టులో లేడు.

ఇంకొక్క మాట. ఎన్ఎఫ్ఎల్ (జెట్స్ లాంటి జట్లు ఆడే లీగ్ ఇదే) ఆటగాళ్ల సంఘం చెబుతూ వచ్చిన సగటు కెరీర్ దాదాపు 3.3 ఏళ్లు. లీగ్ ఆ లెక్కతో ఏకీభవించదు. సీజన్ మొదటి రోజు జట్టులో ఉన్న కొత్తవాళ్లని మాత్రమే లెక్కిస్తే సగటు ఆరేళ్ల దాకా ఉంటుందంటుంది. రెండూ రాయి. మూడు సీజన్లంటే ఆ లోకంలో వింత కాదని మనవాళ్లకి తెలియాలి. ఏటా వేసవిలో ఒక్కో జట్టులో 90 మంది దాకా ఉంటారు, సీజన్‌కి మిగిలేది 53 మంది.

తొందరేం లేదు. ‘ఫ్లాప్’ అన్న మాట కొట్టేసి, టాంపా బే మ్యాచ్‌తో మొదలుపెట్టి మళ్లీ రాయి. మయామీ మ్యాచ్ హైలైట్స్ కాదు, మొత్తం చూడు. బంతి అతని వైపు రానప్పుడు అతనేం చేస్తున్నాడో ప్రత్యేకంగా రాసుకో. వచ్చే నెలలోపు పంపితే కూర్చుని ఇద్దరం వాక్యం వాక్యం చూద్దాం.

ఉంటాను.