ఆదివారం పాఠాలు చర్చిలో చదివేవాటితో కలవకపోతే

డిసెంబరు నుంచి మీరు ఇంట్లో చదివే పాఠాలు, చర్చిలో చదివేవి వేరవుతున్నాయన్నారు. మీరు సంవత్సరాన్ని జనవరి నుంచి లెక్కపెడుతున్నట్టున్నారు.

1. మూడేళ్ల లెక్షనరీలో (ఏ ఆదివారం ఏ బైబిలు పాఠాలు చదవాలో చెప్పే పట్టిక; ఎ, బి, సి అనే మూడు సంవత్సరాలు వరుసగా తిరుగుతాయి) కొత్త సంవత్సరం ఆగమన కాలపు (క్రిస్మస్‌కు ముందు వచ్చే అడ్వెంట్) మొదటి ఆదివారంతో మొదలవుతుంది. అది నవంబరు 27కీ డిసెంబరు 3కీ మధ్య పడుతుంది.

2. చాలామంది పొరబడేది ఇక్కడే. ఆ ఆదివారం ఏ సంవత్సరంలో వచ్చిందో ఆ అంకెనే 3తో భాగించండి, తర్వాత వచ్చే జనవరి అంకెను కాదు. శేషం 0 అయితే ఎ సంవత్సరం (ప్రధానంగా మత్తయి సువార్త), 1 అయితే బి (మార్కు), 2 అయితే సి (లూకా). 2025 నిశ్శేషంగా పోతుంది కాబట్టి 2025 నవంబరు 30 నుంచి ఎ. జనవరి వచ్చినా మారదు, తర్వాతి ఆగమన కాలం దాకా అదే. యోహానుకు విడిగా సంవత్సరం లేదు, ఈస్టర్ కాలంలో మూడేళ్లూ వస్తుంది.

3. త్రిత్వ ఆదివారం (పెంతెకోస్తు తర్వాతి ఆదివారం) తర్వాత పాత నిబంధన పాఠం ఒక్కటే తేడా వస్తే టెన్షన్ పడకండి. అప్పుడు రెండు వరుసలుంటాయి: కథను వారం వారం కొనసాగించేది ఒకటి, సువార్తకు జోడీగా ఎంచినది ఇంకొకటి. మీ చర్చి ఏది పాటిస్తుందో పాస్టర్ గారిని అడగండి.

1662 ప్రార్థన పుస్తకం (ఆంగ్లికన్ చర్చి పాత ఆరాధన క్రమం) వాడే చర్చి అయితే ఈ లెక్క వర్తించదు. అక్కడ ప్రభువు బల్ల ఆరాధనకు ఏటా అవే పత్రిక (కొత్త నిబంధన లేఖలు), సువార్త పాఠాలు.

ముందే చదువుకుని వెళ్లే అలవాటు మాత్రం మానకండి, చాలా మంచిది.