లెక్క రాసేముందు లెక్కపెట్టిందెవరో అడుగు

అమ్మాయీ,

నీ వ్యాసం శ్రద్ధగా చదివాను. యూదులు ఏ కాలంలో ఏ దేశంలో ఎంతమంది ఉన్నారో చెప్పే పట్టిక కోసం నువ్వు ఎంత కష్టపడ్డావో తెలుస్తూనే ఉంది. 1939లో ప్రపంచం మొత్తంమీద సుమారు 1.66 కోట్లు. 2023 నాటికి సుమారు 1.57 కోట్లు. అందులో 72 లక్షల మంది ఇజ్రాయెల్‌లో, 63 లక్షల మంది అమెరికాలో, మిగతా లోకమంతా కలిపి ఇరవై లక్షల పైచిలుకు. ఎనభయ్యేళ్లు దాటినా రెండో ప్రపంచయుద్ధానికి ముందున్న సంఖ్యను ఆ జనం ఇంకా అందుకోలేదు. ఇంత పెద్ద మాటను పట్టిక కింద చిన్నక్షరాల్లో వదిలేశావు. దాన్ని పైకి తీసుకురా.

పట్టికలో నన్ను ఇబ్బంది పెట్టింది ఇంకొకటి ఉంది. అన్ని అంకెలూ ఒకే బరువుతో ఉన్నట్టు ఒకదాని కింద ఒకటి పేర్చావు. పన్నెండో శతాబ్దంలో స్పెయిన్‌లోని టుడేలా నుంచి బయల్దేరిన బెంజమిన్ అనే యాత్రికుడు ఊరూరా తనవాళ్లెంతమందో రాసుకుంటూ పోయాడు. రోములో 200, సలోనికాలో 500, కాన్‌స్టాంటినోపుల్‌లో 2,000, వాళ్ల పక్కనే 500 మంది కరాయిట్లు (యూదుల్లోనే వేరే శాఖవాళ్లు), ఇద్దరి మధ్యా ఒక కంచె. అవి తలల లెక్కా, కుటుంబాల లెక్కా, పన్ను కట్టేవాళ్ల లెక్కా అని పండితులు ఇప్పటికీ వాదించుకుంటున్నారు. అంత దూరం పోయినవాడు తనవాళ్లు ఎక్కడెక్కడ ఉన్నారో తెలుసుకోవాలన్న ఆత్రంతో రాసుకున్న అంకె అది. 1897లో రష్యా సామ్రాజ్యం ఇంటింటికీ మనిషిని పంపి తేల్చిన 52 లక్షలు వేరే రకం అంకె. ఈ రెండింటినీ కలిపి ఒకే గీతగా గీస్తే చదివేవాడికి లేని భరోసా ఇచ్చినట్టవుతుంది.

ఎవరు లెక్కపెట్టారు, ఎందుకు లెక్కపెట్టారు అన్నది కేవలం పరిశోధకుల పట్టింపు అనుకోకు. 1939 మే నెలలో జర్మనీలో జనాభా లెక్కలు తీసినప్పుడు ఇంటింటికీ ఒక అదనపు కార్డు ఇచ్చారు. నీ తాతలూ అమ్మమ్మా నాయనమ్మా యూదులా అని అందులో అడిగారు. మనిషి తన మతమేమని చెప్పుకుంటున్నాడో వాళ్లకి అక్కర్లేదు. అక్కడ జనాభా లెక్క వేటకి జాబితా అయింది.

నెదర్లాండ్స్ సంగతి మరీ దారుణం. అక్కడి ఊళ్లలో జనాభా రిజిస్టర్లు చాలా శుభ్రంగా ఉండేవి. ఆక్రమించుకున్న జర్మన్లు 1941లో యూదులందరినీ నమోదు చేయించారు. సుమారు 1.4 లక్షల మందిలో నూటికి డెబ్బయి అయిదుమంది చనిపోయారు. ఫ్రాన్సులో నూటికి పాతికమంది. తేడాకి కారణాలు చాలానే ఉన్నాయి, రిజిస్టర్ వాటిలో ఒకటి. ఆ సంగతి ఆమ్‌స్టర్‌డామ్‌లో కొందరికి అర్థమైంది. 1943 మార్చి 27 రాత్రి వాళ్లు పోలీసు దుస్తులు వేసుకుని జనాభా కార్యాలయానికి వెళ్లారు. కాపలావాళ్లకి మత్తు ఇంజెక్షన్లిచ్చి, మోసుకెళ్లి పక్కనున్న జంతుప్రదర్శనశాల తోటలో పడుకోబెట్టారు. బీరువాల్లోని కార్డులన్నీ నేలమీద కుప్ప పోసి నిప్పుపెట్టారు. వాళ్లకి నాయకత్వం వహించిన వాళ్లలో ఒకడు విల్లెం ఆరోండియస్, చిత్రకారుడు, రచయిత. లక్షలాది కార్డులు పాడయ్యాయి కానీ మొత్తంలో అది కొంత భాగమే. జులైలో అతన్ని కాల్చి చంపారు. జనాభా గురించి రాయబోయే ప్రతివాళ్లకీ ఈ కథ తెలియాలని నా పట్టుదల. నీ వ్యాసంలో నెదర్లాండ్స్‌కి ఒక్క వరుస ఇచ్చావు. కనీసం ఒక పేరా ఇవ్వు.

ఇక దేశాల వారీగా పంచడం. 1900 గడిలో పోలండ్ అని రాశావు. అప్పుడు పోలండ్ అనే దేశమే లేదు. ఆ నేలని రష్యా, జర్మనీ, ఆస్ట్రియా పంచుకుని ఉన్నాయి. మనిషి ఉన్నచోటే ఉంటాడు, సరిహద్దు అతన్ని దాటుకుని పోతుంది. అందుకే దేశాన్ని పక్కనపెట్టి ఒక ఊరు పట్టుకో అంటాను. సలోనికా పట్టుకో. 1492లో స్పెయిన్ వెళ్లగొట్టినవాళ్లు ఒట్టోమన్ సుల్తాను నీడలో అక్కడ స్థిరపడ్డారు. తెచ్చుకున్న స్పానిష్ నాలుగొందల యాభయ్యేళ్లు వాళ్ల ఇళ్లలో బతికింది. వ్యాపారులే కాదు, ఓడరేవులో మూటలు మోసే హమాలీలు కూడా వాళ్లే, యూదులకి శనివారం పని మానే రోజు, అందుకని ఆ రోజు రేవు మూతపడేది. 1912లో ఊరు గ్రీసు చేతికి వచ్చింది. మర్నాటి నుంచి వాళ్లు మరో దేశపు యూదులైపోయారు, ఒక్కడూ గడప దాటకుండానే. 1913 లెక్కల్లో సుమారు 1.58 లక్షల జనంలో 61 వేలమంది వాళ్లే. 1943 మార్చి నుంచి ఆగస్టు దాకా జర్మన్లు వాళ్లని రైళ్లలో కుక్కి ఆష్విట్జ్ మరణశిబిరానికి పంపారు. నలభై అయిదు వేలకి పైగానే. ఊళ్లోని వాళ్ల శ్మశానాన్ని అంతకు కొద్ది నెలల ముందే తవ్వి పారేశారు. ఇప్పుడు ఆ నేలమీద విశ్వవిద్యాలయం ఉంది.

పటం మీద గీసిన బాణాలు కూడా చూశాను. బాగ్దాద్ నుంచి ఒకటి, కొచ్చి నుంచి ఒకటి, రెండూ ఇజ్రాయెల్‌కే, రెండూ ఒకే రంగు. ఇది నేను ఒప్పుకోను. బాగ్దాద్‌లో 1941 జూన్‌లో ఊచకోత జరిగింది. 1950లో, పౌరసత్వం వదులుకుంటేనే వెళ్లచ్చని చట్టం చేశారు. మరుసటేడు, వదులుకున్నవాళ్ల ఆస్తులు స్తంభింపజేశారు. రెండేళ్లలో ఇరాక్ నుంచి సుమారు 1.2 లక్షల మంది విమానాల్లో వెళ్లిపోయారు. కొచ్చిలో వాళ్లనెవరూ తరమలేదు. చేర రాజు భాస్కర రవివర్మ యూదుల పెద్ద జోసెఫ్ రబ్బాన్‌కి రాగిరేకుల మీద హక్కులు రాసిచ్చిన కేరళ నేల అది. 1568లో కట్టిన పరదేశి సినగాగు, అంటే యూదుల ప్రార్థనాలయం, మట్టాంచేరిలో రాజుగారి కోటని ఆనుకునే ఉంది. అయినా 1950లలో ఆ సుమారు రెండున్నర వేలమందిలో చాలామంది తమ నమ్మకంతో, తమ ఇష్టంతో ప్రయాణం కట్టారు. ఇద్దరూ చేరింది ఒకే చోటికి కావచ్చు. కారణం వేరైనప్పుడు కథ వేరు, బాణం రంగూ వేరే ఉండాలి.

అమెరికాలో 63 లక్షలా, 75 లక్షలా అని అడిగావు. రెండూ సరైనవే. అక్కడి ప్రభుత్వ జనాభా లెక్కల్లో మతం అడగరు. ప్యూ అనే అమెరికా పరిశోధన సంస్థ 2020 సర్వేలో, మతం పాటించకపోయినా తాము యూదులమే అనుకునేవాళ్లనీ వాళ్ల పిల్లల్నీ కలుపుకుంటే 75 లక్షలు తేలింది. జనాభా శాస్త్రవేత్త సెర్జియో డెల్లా పెర్గోలా ఎవరు యూదులన్న గీతని బిగించి గీస్తాడు కాబట్టి తగ్గుతుంది. యూదులు వచ్చి స్థిరపడే హక్కునిచ్చే ఇజ్రాయెల్ పునరాగమన చట్టాన్ని 1970లో సవరించాక తాతల్లోనో అమ్మమ్మ నాయనమ్మల్లోనో ఒక్కరు యూదులైనా చాలు. ఆ కొలతతో చూస్తే ప్రపంచ సంఖ్య రెండున్నర కోట్లు. ఏ గీత వాడావో మొదటి పేజీలోనే చెప్పెయ్యి, చివరిదాకా దాన్నే వాడు.

మనవాళ్ల దగ్గరికి వద్దాం. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిం అని కొన్ని కుటుంబాలున్నాయి. తెలుగు మాట్లాడే మాదిగలు. 1980ల నుంచి యూదుమతం పాటిస్తున్నారు, శనివారం పని ముట్టుకోరు, చిన్న సినగాగు కట్టుకున్నారు. మణిపూర్, మిజోరంలలో తాము యూదులమనుకునే బ్నెయ్ మెనాషెలకి 2005లో ఇజ్రాయెల్ ప్రధాన రబ్బీ (మతగురువు) గుర్తింపు వచ్చింది, వేలమంది వెళ్లారు. మన కొత్తరెడ్డిపాలెం వాళ్లకి ఆ గుర్తింపు రాలేదు. నీ పట్టికలో వీళ్లు లేరు, ఎందుకు లేరన్న వివరణా లేదు. పైగా 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు, దానికి తర్వాత చేసిన సవరణల ప్రకారం హిందూ, సిక్కు, బౌద్ధ మతాల్లో ఉన్నవాళ్లకే ఎస్సీ హోదా. కాబట్టి మతం అన్న గడిలో ఏం రాయించాలన్నది ఆ వాడలో పిల్లల చదువుకీ ఉద్యోగానికీ ముడిపడ్డ ప్రశ్న. నీకు గుంటూరు ఎంత దూరం? వెళ్లు. వాళ్లు నిజమైన యూదులా కాదా అని తేల్చడానికి మాత్రం వెళ్లకు, ఆ తీర్పు చెప్పే హక్కు మనకి లేదు. వాళ్ల మాట విని, విన్నది విన్నట్టు రాసుకురా.

పట్టిక తీసెయ్యమనడం లేదు. ప్రతి అంకె పక్కనా ఇంకో గడి పెట్టి, లెక్కపెట్టిందెవరు, అడిగిందేమిటి అన్నది రాయి. కొన్ని గడులు నిండవు. నిండని అంకెని పట్టికలోంచి తీసి మామూలు వాక్యంలో పెట్టు, అక్కడైతే సందేహం చెప్పడానికి చోటుంటుంది.

ముందు సలోనికా భాగం రాసి పంపు. 1943 దగ్గర ఆపెయ్యకు. యుద్ధం తర్వాత ఊళ్లో సుమారు రెండు వేలమంది మిగిలారు. విశ్వవిద్యాలయంలో ఆ శ్మశానానికి స్మారకం పెట్టింది 2014లో. నడుమ డెబ్బయ్యేళ్లున్నాయి. అది చదివాక కొచ్చి సంగతి మాట్లాడుకుందాం.

ఇంట్లో అందరినీ అడిగానని చెప్పు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు