నాదవల్లికి కన్నం ఎక్కడుంది?

చిరంజీవికి,

పాడే మొక్క నాదవల్లి మీద నువ్వు రాసిన కథ రెండుసార్లు చదివాను. మొదటిసారి చిరాకేసింది. రెండోసారి పద్నాలుగో పేజీ దగ్గర ఆగిపోయాను. పసిపిల్ల నిద్ర చెడుతోందని ముసలమ్మ అర్ధరాత్రి లేచి మొక్క మూతిలో తడిమట్టి కూరుతుంది చూడు, అక్కడ. ఆ ఒక్క పని కోసమే ఈ ఉత్తరం. మిగతా పేజీల్లో నాదవల్లి ‘దివ్యగానం ఆలపిస్తుంది’, ‘మధురనాదం వెదజల్లుతుంది’. ఆ మొక్కకు కన్నం ఉందన్న సంగతి ముసలమ్మకు తెలుసు, నీకే తెలీదు.

ముందు చిన్న సంగతి. వల్లి అంటే తీగ. మూడో పేజీలో దాని మొదలుకు గుర్రాన్ని కట్టేశావు. పేరన్నా మార్చు, గుర్రాన్నన్నా విప్పు.

ఏ మొక్కా ఊరికే మోగదు. జనుము కాయ ఎండితే గింజలు ఊడి లోపల గలగలమంటాయి. దిరిసెన కాయలూ అంతే, ఆకు రాలాక గాలికి చెట్టంతా గలగలే. చిటపటకాయకు ఉమ్మి తడి తగిలిస్తే టప్పున రెండు బద్దలవుతుంది. తూర్పు ఆఫ్రికాలో ఒక తుమ్మజాతి చెట్టుకు ముళ్ల మొదళ్లు బుడిపెల్లా ఉబ్బుతాయి, వాటికి చీమలు కన్నాలు పెట్టుకుని కాపురముంటాయి, గాలొస్తే ఆ కన్నాలు ఈలేస్తాయి. ఇక వెదురు. గాలికి మోగే వెదుళ్లకు కీచకాలని అమరకోశం విడిగా ఒక పేరే పెట్టింది. గింజ, బద్ద, బుడిపె, గొట్టం. నీ మొక్క వీటిలో దేనితో మోగుతుంది?

మట్టి కూరింది కాబట్టి గొట్టమే అనుకుందాం. అడుగు మూసుకుని, పైన మూతి తెరుచుకున్న గొట్టం. పెన్ను మూత అంచు మీద ఊదితే మోగుతుందే, అలాంటిది. దాని స్వరం పొడవును బట్టి ఉంటుంది. 20 డిగ్రీల వేడిలో శబ్దం సెకనుకు 343 మీటర్లు పోతుంది. ఆ అంకెను గొట్టం పొడవుకు నాలుగు రెట్లతో భాగించు. పొడవు 33 సెంటీమీటర్లయితే దాదాపు 260 హెర్ట్జ్, అంటే సెకనుకు 260 కంపనాలు, ఇంచుమించు శ్రుతిపెట్టెలో ఒకటి శ్రుతి. అదే షడ్జం (స) అనుకుంటే 22 సెంటీమీటర్ల గొట్టం పంచమం (ప), పదహారున్నరది పై షడ్జం. మూతి వెడల్పును బట్టి కాస్త అటూ ఇటూ అవుతుంది, కథకు ఈ లెక్క చాలు. నీ కథలో జానెడు మొలక మేఘంలా గర్జించింది. జానెడు గొట్టానికి అంత గొంతు రాదమ్మా.

తుఫాను ఘట్టంలో గాలి పెరిగేకొద్దీ పాట గట్టిగా వినిపించిందని రాశావు. కొంతవరకు నిజమే. హద్దు దాటాక మాత్రం స్వరమే ఎగిరిపోతుంది. అడుగు మూసిన గొట్టం పై షడ్జం దగ్గర ఆగదు, ఏకంగా తారస్థాయి పంచమానికి దూకుతుంది, అంటే కంపనాలు మూడు రెట్లు. ఏళ్ల తరబడి ఒకే షడ్జం విన్న ఊరికి నడిరాత్రి ఆ పంచమం వినబడితే ఎలా ఉంటుంది? అలాంటి అవకాశం చేతిలో పెట్టుకుని ‘ప్రళయ భీకరంగా’ అని సరిపెట్టావు.

వానా అంతే. మూతి, గొట్టం ఒకే వెడల్పయితే 11 సెంటీమీటర్ల వానకు గొట్టంలో 11 సెంటీమీటర్ల నీళ్లే నిలుస్తాయి. మిగిలిన గాలి 22, షడ్జం కాస్తా పంచమమైంది. నీళ్లు ఆరేకొద్దీ స్వరం మెల్లగా దిగుతుంది. అంటే నీ ఊరి రైతులు ఎంత వాన పడిందో మంచం దిగకుండా చెప్పగలరు. సాలెగూడు, ఎండాకు అడ్డుపడితే మూగబోతుంది. మూతి అంచు పదునుగా ఉంటేనే గాలిని కోస్తుంది, అరిగి గుండ్రమైతే ఉత్త బుస్సే మిగులుతుంది. ముసలి మొక్కలు అలా బొంగురుపోతాయి.

మొక్కలు ఏడుస్తాయని శాస్త్రవేత్తలే తేల్చారని కథతో పాటు పంపిన కాగితంలో రాశావు. టెల్ అవీవ్ విశ్వవిద్యాలయం వాళ్లు 2023లో చెప్పింది అది కాదు. నీళ్లు లేని టమాటా మొక్క గంటకు సగటున 35 సార్లు, పొగాకు మొక్క 11 సార్లు టిక్కుమంటాయి. నీళ్లు లాగే నాళాల్లో గాలిబుడగలు చిట్లడం వల్ల కావచ్చన్నారు. అదీ 40 నుంచి 80 కిలోహెర్ట్జ్ మధ్య. మనిషి చెవి 20 దగ్గరే ఆగిపోతుంది. గబ్బిలానికి వినబడొచ్చు, నీ రాజకుమారుడికి వినబడదు.

గలగల, బుస్సు లాంటి మాటలు పిల్లల కథలకే పనికొస్తాయని కొట్టేసి, ఆ చోట ‘శబ్దం వచ్చింది’ అని రాసే సంపాదకులు ఇంకా ఉన్నారు. నీ కథ వాళ్ల భయంతో రాసినట్టుంది. కిర్రు వేరు, కీచు వేరు, గుయ్యి వేరు, హోరు వేరు. కిర్రుమనాలంటే రెండు కొమ్మలు ఒరుసుకోవాలి, కీచుకు సన్నటి సందు కావాలి. ఏది మోగుతోందో తేలితే మాట దానంతటదే వస్తుంది. తేలకపోతే ‘దివ్యం’ వస్తుంది. మొదటి పేజీలో పటం వేయడం ఒకటి, ఇప్పుడు అందరికీ ఇదే మోజు. నీ పటంలో ఏడు రాజ్యాలున్నాయి, గాలి ఎటునుంచి ఎటు వీస్తుందో ఒక్క బాణం గుర్తు లేదు.

మూడు భాగాలుగా తేవాలా అని అడిగావు. ముందు ఒక కాగితం మీద ఆ మొక్కను నిలువునా కోసినట్టు బొమ్మ గియ్యి. ఎత్తెంత, మూతి ఎటు, అడుగున ఏముంది, ఏ నెలలో ఏ గాలి? ఆ బొమ్మ పక్కన పెట్టుకుని పద్నాలుగో పేజీ మళ్లీ రాయి. ఒట్టి తడిమట్టి ఆరితే బీటలిస్తుంది. ఆ బీటలోంచి గాలి దూరితే కీచుమని సన్నగా ఈల, షడ్జం కంటే పాపం పిల్లకు అదే ఎక్కువ బాధ. తెల్లారకముందే ముసలమ్మ మళ్లీ లేవాలి. మట్టిలో గుప్పెడు ఊక కలిపితే అంత తొందరగా బీటలివ్వదు, ఆ వయసు మనిషికి ఆ సంగతి తెలియకుండా ఉండదు. మరి ఆ రాత్రి ఇంట్లో ఊక ఎందుకు లేదు?