పిటిషన్‌లో బాబు ఏడీ?

చిన్నా,

బాబు కస్టడీ నీకే ఇవ్వాలంటూ నువ్వు రాసి పంపిన పిటిషన్ డ్రాఫ్టు రాత్రి రెండుసార్లు చదివాను. పద్దెనిమిది పేజీల్లో మీ ఆవిడ ఉంది, మీ అత్తగారుంది, పెళ్లినాటి గొడవలున్నాయి. బాబు పేరు మాత్రం మొదటి పేజీలో ఒకసారి, చివర ప్రేయర్‌లో, అంటే కోర్టుని ఏం కోరుతున్నావో రాసే చోట, ఒకసారి.

లాయరుగా ప్రాక్టీసు కొత్తలో నేనూ ఇలాగే రాశాను. ఎదుటి ఆవిడని దులిపేశాను. వాళ్లు కౌంటర్‌లో, అంటే తమ జవాబులో, మా క్లయింటుని అంతకు రెట్టింపు దులిపారు. జడ్జిగారు రెండూ పక్కన పెట్టి, "పాపకి ఏ మందు పడదో చెప్పండి" అని మా క్లయింటుని అడిగారు. అతను నా మొహం చూశాడు.

తండ్రే సహజ సంరక్షకుడని చట్టంలో ఉంది కదా అంటున్నావు. 1956 నాటి హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టంలో 6వ సెక్షన్ ఆ మాట అంటూనే, ఐదేళ్లు నిండని పిల్లలు మామూలుగా తల్లి దగ్గరే ఉండాలంటుంది. మనవాడికి ఆరు నిండాయి కాబట్టి ఇక నాకే ఇస్తారనుకోకు. 13వ సెక్షన్ ప్రకారం అన్నిటికన్నా ముందు బిడ్డ సంక్షేమం. అందుకే వాడి రోజు గురించి రాయి. పొద్దున ఎవరు లేపుతారు, జ్వరమొస్తే సెలవు ఎవరు పెడతారు, నీకు నైట్ షిఫ్టు పడితే వాడి పక్కన ఎవరు పడుకుంటారు? ఈ చివరిది అవతలి లాయరు ఎలాగూ అడుగుతాడు, నువ్వే ముందు చెప్పేయ్. టీకాల కార్డు, స్కూల్ డైరీ జత చెయ్యి. వాట్సాప్ స్క్రీన్‌షాట్లు తగ్గించు.

ఇంకోటి. మీ ఊళ్లో వేస్తానంటున్నావు, కుదరదు. 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం 9వ సెక్షన్ ప్రకారం బాబు మామూలుగా ఎక్కడుంటే అక్కడి కోర్టులోనే వెయ్యాలి. వాడు ఏడాదిగా అమ్మమ్మగారింట్లో ఉండి అక్కడే చదువుతున్నాడు. ప్రయాణాలు తప్పవు.

అసలు పిటిషన్‌తో పాటే మధ్యంతర దరఖాస్తు కూడా వెయ్యి. ఆదివారాలు కలవడానికి, వీడియో కాల్‌కి, సెలవుల్లో కొన్ని రోజులు నీ దగ్గర ఉండటానికి. కేసు తేలేదాకా ఆగితే వాడికి నీ దగ్గర చనువు పోతుంది. ఇచ్చిన టైముకి పది నిమిషాలు ముందే వెళ్లు, దింపేటప్పుడు ఒక్క నిమిషం కూడా ఆలస్యం చెయ్యకు. స్కూల్ గేటు దగ్గర్నుంచే తీసుకొచ్చేస్తానన్నావు చూడు, ఆ మాట మళ్లీ నా దగ్గర అనకు.

"అమ్మ కావాలా, నేను కావాలా" అని వాణ్ణి అడగొద్దు. జడ్జిగారు ఛాంబర్‌లోకి పిలిచి మాట్లాడినప్పుడు నేర్పిన మాటలు ఇట్టే తెలిసిపోతాయి. ఒక కేసులో ఏడేళ్ల పిల్లాడు "మా నాన్నకి స్థిరమైన ఆదాయం ఉంది" అన్నాడు. ఆ తండ్రి టెన్షన్ చూడాలి!

నాలుగో పేజీ నుంచి పదమూడో పేజీ దాకా కొట్టేసి పంపుతున్నాను, మీ లాయరుగారికి చూపించు. బాబు క్లాస్ టీచర్ పేరు రాయాల్సిన చోట ఖాళీ వదిలావు. కనుక్కుని నింపు.

మీ పెద్దనాన్న